పందులు తోలిన రాజు

బడి నుంచి వచ్చిన కాగితాన్ని ఉమాదేవి మూడుసార్లు చదివింది. మూడుసార్లూ ఆమెకు అర్థమైంది ఒకటే మాట: కాత్యాయని. అది కూతురి పేరు. మిగిలినదంతా ఇంగ్లీషు.

పొయ్యి మీద పప్పు ఉడుకుతుంటే దాన్నలాగే వదిలేసి, చున్నీ భుజాన వేసుకుని, పై అంతస్తులో ఉండే ఫైజా తలుపు కొట్టింది. ఫైజాది నెల్లూరు. ఆమె మొగుడు కంపెనీ బస్సు నడుపుతాడు. ఆమె కొడుకు యాసీన్, కాత్యాయని ఒకే క్లాసు. గల్ఫ్‌లోని ఈ రువైస్‌కు వచ్చిన మూడేళ్ళలో ఉమాదేవి ఇంటికి వచ్చిన ప్రతి కాగితాన్నీ ఫైజానే చదివి చెప్పింది.

ఫైజా కాగితం చదివి మడిచి చేతికిచ్చేసింది. "ఏం లేదులేమ్మే. పిల్ల క్లాసులో నోరు తెరవడం లేదంట. ఈ నెలాఖరుకల్లా నలుగురి ముందర నాలుగు మాటలు మాట్లాడకపోతే మళ్ళా రెండో క్లాసులోనే కూర్చోబెడతారంట. అబుదాబిలో మాటల డాక్టరుకి చూపించి సర్టిఫికెట్టు తెమ్మని కూడా రాసుండారు."

"ఏం లేదంటవేందక్కా! ఇంతకన్న ఇంకేం ఉండాలె?"

అబుదాబి అంటే రెండున్నర గంటల దారి. కానీ ఉమాదేవిని భయపెట్టింది ఆ దారి కాదు. 'మళ్ళా రెండో క్లాసు' అన్న మాట. తన చదువు ఎనిమిదిలో ఆగిపోయింది. అమ్మకు నడుం పడిపోతే, పలకాపుస్తకం గూట్లో పెట్టి బీడీల చాట ఒళ్ళో పెట్టుకుంది. 'ఒక్క ఏడాదే, మళ్ళీ పోదువు గానీ' అన్నారు ఇంట్లో. ఆ ఒక్క ఏడాది ఇంకా అవుతూనే ఉంది. ఆగిన చదువు మళ్ళీ కదలదని ఆమెకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదు.

విచిత్రమేమిటంటే ఆ పిల్ల ఇంట్లో నోరు మూయదు. పొద్దున కళ్ళు తెరిచిన దగ్గర్నుంచీ మొదలు. ఏసీ డబ్బా మీద పావురం గుడ్డు పెట్టిందనీ, డాడీ గురక పెడితే గ్లాసులో నీళ్ళు కదులుతున్నాయనీ, దోసె అంచు కాలితే దానికి నొప్పి ఉంటుందా ఉండదా అనీ. బడి గేటు దాటగానే మాత్రం నల్లా కట్టేసినట్టు ఆగిపోతుంది. చిన్న క్లాసులు రెండేళ్ళూ కరోనా పుణ్యమా అని ఫోను ముందే గడిచాయి. అప్పుడు పాఠాల్లో అందరితోపాటు దీనికీ చెప్పారు, మైకు ఆపేసి వినమని.

"మ్యూట్ల వెట్టుమంటె వెట్టింది. తియ్యిమని ఎవలు చెప్పలే మరి," అన్నాడు మల్లేశ్ ఆ సాయంత్రం డ్యూటీ దిగి వచ్చి. అతను రిఫైనరీలో క్రేన్ నడుపుతాడు. రోజంతా ఆకాశంలో ఒక్కడే కూర్చుంటాడు కాబట్టి కిందికి దిగాక అతనికి ప్రతిదీ నవ్వులాటే.

"నీకు నగుడే. పిల్లకు క్లాసు వోతదంటున్నరు."

"ఏం గాదుతీయ్. నేను ఆరేండ్లు వచ్చినంకనే మాట్లాడిన్నట, మా అమ్మ చెప్తది."

"గందుకే క్రేన్ ఎక్కినవు."

ఉమాదేవి ఆ రాత్రి నిద్రలోకి జారేలోపల తన తప్పుల లెక్క తీసింది. కడుపుతో ఉన్నప్పుడు చింతపండు ఎక్కువ తిన్నదా? కొండగట్టు అంజన్నకు మొక్కిన మొక్కు తీర్చడం ఆలస్యమైందా? పొద్దున పిల్ల పెట్టెలో ఇడ్లీ పెట్టకుండా బ్రెడ్ పెట్టినందుకా? ఏదీ తేలలేదు.

మర్నాడు ఫైజా కాగితం వెనకవైపు కూడా చదివి పెట్టింది. క్లాసులో పిల్లలందరికీ ఒక పని ఇచ్చారు. పక్కింట్లోనో ఎదురింట్లోనో వేరే దేశం వాళ్ళుంటే, వాళ్ళ దేశంలో పేరు పడ్డ ఒక మనిషి గురించి అడిగి తెలుసుకుని, వచ్చే శుక్రవారం క్లాసులో చెప్పాలి. ఇంట్లోవాళ్ళు తోడు రావచ్చు, మొదలుపెట్టి ఇవ్వవచ్చు. కానీ పిల్ల కూడా మాట్లాడాలి.

"నీ పక్కింట్లోనే రాద్మిలా ఉండాదిగా! ఆమెనడుగు," అంది ఫైజా.

రాద్మిలా సెర్బియా ఆవిడ. డెబ్బై ఏళ్ళుంటాయి. కొడుకు ప్లాంటులో ఇంజనీరు. అక్కడ మంచు పడటం మొదలుకాగానే ఇక్కడికొచ్చి, మార్చి దాకా కొడుకు దగ్గర ఉంటుంది. ఉమాదేవికి ఆవిడతో స్నేహం తొక్కు దగ్గర కుదిరింది. ఆవిడ ఎర్ర బెంగుళూరు మిరపకాయలు కాల్చి, తోలు తీసి, నూనెలో గంటలకొద్దీ మగ్గబెట్టి సీసాలకెత్తుతుంది. ఆ వాసనకు ఉమాదేవి మామిడి తొక్కు గిన్నెతో వెళ్ళింది. ఆవిడ ఒక వేలు నాకి, కళ్ళ నీళ్ళు పెట్టుకుని, గిన్నె మాత్రం తిరిగి ఇవ్వలేదు. అప్పటి నుంచీ ఇద్దరూ ఒకరి భాష ఒకరికి రాకుండానే బోలెడు మాట్లాడుకున్నారు. మధ్యలో కొడుకు కొనిచ్చిన ఫోను ఒకటి. రాద్మిలా దాని నోట్లో నోరు పెట్టినట్టు సెర్బియా మాటల్లో చెబుతుంది, అది వార్తలు చదివే ఆడమనిషి గొంతుతో హిందీలో చెబుతుంది. రాద్మిలా చెప్పింది విన్నప్పుడల్లా ఉమాదేవికి ఆమె ఏదో ప్రభుత్వ ప్రకటన చేస్తున్నట్టుండేది.

సంగతి విన్న రాద్మిలా వెంటనే చేతులు తుడుచుకుని కూర్చుంది. కాత్యాయని బల్ల కింద దూరి రంగు పెన్సిళ్ళు పరుచుకుంది.

"మిలోష్," అంది రాద్మిలా. అతని ఇంటిపేరు ఒబ్రెనోవిచ్. ఆవిడ సొంతూరు అతను తిరిగిన కొండల్లోనే. రెండు వందల ఏళ్ళ కిందటి మాట. అప్పుడు ఆ దేశమంతా ఇస్తాంబుల్ సుల్తాను కింద ఉండేది. బెల్‌గ్రేడులో సుల్తాను తరఫున పాషా ఒకడు కూర్చుని పాలించేవాడు. ఈ మిలోష్ పేద ఇంటి బిడ్డ. ఒకరి పశువులు తోలి బతికాడు. ఆ తర్వాత అన్న చేరదీసి తన వ్యాపారంలో పెట్టుకున్నాడు.

"ఏం వ్యాపారం?" అడిగింది ఉమాదేవి.

రాద్మిలా ఫోనులో ఒక ముక్క అంది. ఫోను గట్టిగా, స్పష్టంగా, ఇల్లంతా వినబడేలా ప్రకటించింది: "సువర్!"

ఉమాదేవి ఎగిరిపడి ఫోను మీద చున్నీ కప్పింది. పైన ఫైజా ఉంటుంది. కింద పెషావర్ వాళ్ళుంటారు. పంది అన్నదే ఇక్కడ నోట్లోంచి రాకూడని మాట అనుకుంటే, హిందీలో అది పచ్చి తిట్టు. మల్లేశ్ ఉండే సైటులో ఆ ఒక్క మాట మీద ఇద్దరు ఫోర్‌మన్లు కలబడితే ముదీర్, అంటే సైటు మేనేజరు, వచ్చి విడిపించాడట.

రాద్మిలాకు ఇవేవీ తెలియవు. ఆవిడ హుషారుగా చెప్పుకుపోయింది. ఓక్ అడవుల్లో నేల మీద రాలిన కాయలు మేసి పందులు ఎలా కొవ్వెక్కుతాయో, బురదలో ఎలా దొర్లుతాయో, వాటిని మందలుగా తోలుకుపోయి నది దాటించి అవతలి దేశంలో ఎలా అమ్మేవాళ్ళో. మిలోష్‌కు చదవడం, రాయడం చచ్చేదాకా రాలేదు. అయినా ముందు అన్నతో కలిసి పాషా సైన్యం మీద పోరాడాడు, గాయపడ్డాడు, చివరికి దేశాన్నేలాడు. ఆఖర్న గొంతు తగ్గించి ఇంకొక సంగతి చెప్పింది. చెప్పాక, "ఇది వదిలెయ్యకు. ఇది వదిలేసి చెబితే మా ఊళ్ళో నవ్వుతారు" అని ఫోను చేత చెప్పించింది. ఉమాదేవి బల్ల కిందికి చూసింది. పిల్ల ఏదో గీసుకుంటోంది. వినలేదులే అనుకుంది.

కథ చెప్పడం ఉమాదేవికి కొత్త కాదు. బీడీలు చుట్టేటప్పుడు పదిమంది ఆడవాళ్ళు గుండ్రంగా కూర్చుంటారు. చేతులకు పని ఉంటుంది, చెవులు ఖాళీ. ఒకరు కథ ఎత్తుకుంటే మిగతావాళ్ళు ఊఁ కొట్టాలి. ఊఁ ఆగిందంటే ఎవరో కునుకు తీశారని లెక్క, కథ అక్కడే ఆగుతుంది. అదే అలవాటు కూతురికీ పట్టించింది. ఊఁ కొట్టకపోతే అమ్మ కథ చెప్పదు. ఆ రాత్రి మంచం మీద కూడా అంతే.

"పోరాటంల ఓడిపోయిండ్రు. పెద్ద పెద్ద సర్దార్లందరు నది దాటి అవతలి దేశంకు ఉరికిండ్రు."

"ఊఁ."

"మిలోష్ పోలే. అమ్మ, పెండ్లాం, పిల్లలు ఈడనే ఉన్నరు, ఇడిసిపెట్టి యాడికి పోవాలె అన్నడు. పోయి పాషా మనుషుల ముందట తల వంచిండు. కత్తి అప్పజెప్పిండు."

"ఊఁ. సిగ్గు కాలేదా?"

"అయ్యుంటది. మనసుల వెట్టుకున్నడు. ఇగ పాషా ఆయనను బెల్‌గ్రేడ్ల ఆపి పెట్టుకున్నడు, బయటికి పోనీయలే. అప్పుడు మిలోష్ ఏం జేసిండు? పాషా తాన ఖైదీలున్నరు గద, అరవై మంది. వాళ్ళను నేను కొంట, పైసలిస్త అన్నడు. పైసలేవి అంటె, ఊరికి పోయి నా పశువులనమ్మి తెస్త అన్నడు. పాషా నమ్మి ఇడిసిపెట్టిండు."

"ఊఁ! తెచ్చిండా పైసలు?"

"పైసలు తేలే. సైన్యం తెచ్చిండు."

కాత్యాయని మంచం మీద నిలబడి గెంతింది. ఆ వారమంతా ఆ ఇంట్లో పాషాను మోసం చేయడమే ఆట. మల్లేశ్ పాషా. పిల్ల దిండ్లు తోలుకుంటూ వంటింట్లోంచి వరండాలోకి నది దాటించేది.

గురువారం సాయంత్రం ఉమాదేవి ఒక నిర్ణయానికొచ్చింది. మొదటి ముక్క తను చెప్పాలి, తర్వాత పిల్ల ఎత్తుకోవాలి. క్లాసులో సగానికి సగం ముస్లిం పిల్లలు. టీచరు సర్వర్ బేగం మేడమ్‌ది హైదరాబాదు. ఫైజా కూడా వచ్చి కూర్చుంటుంది. వాళ్ళందరి ముందూ 'సువర్' అంటే ఏమనుకుంటారు? పిల్ల మాట్లాడకపోగా, తల్లి వచ్చి బూతులు మాట్లాడిందని పేరొస్తుంది. పంది తీసేసి మేక పెడితే సరి. ఎవరికి తెలుస్తుంది? ఫైజాను ఒక మాట అడుగుదామనుకుంది. కానీ అడగాలన్నా ఆ మాట అనాలి కదా!

శుక్రవారం బడి సగం పూటే. పదకొండున్నరకు గంట కొడతారు. పదిన్నరకు ఉమాదేవి క్లాసు వెనక చిన్న కుర్చీలో మోకాళ్ళు గడ్డానికి తగిలేలా కూర్చుంది. యాసీన్ ముందుగా వెళ్ళి, ఎదురింటి ఫిలిప్పీన్స్ ఆంటీ చెప్పిన వీరుడి కథ ఒక్క ఊపిరిలో ఒప్పజెప్పి వచ్చి కూర్చున్నాడు. ఫైజా చప్పట్లు కొట్టి ఉమాదేవి మోచేతిని పొడిచింది.

"కాత్యాయని, బేటా, ఆజా," అంది సర్వర్ బేగం. ఒళ్ళో రిపోర్టుల ఫైలు తెరిచి ఉంది. కాత్యాయని వెళ్ళింది. నోరు తెరవలేదు. మేడమ్ చూపు వెనక్కి తిరిగింది. ఉమాదేవి వెళ్ళి పక్కన నిలబడి చెయ్యి పట్టుకుంది. పిల్ల చెయ్యి చల్లగా ఉంది. తన చెయ్యి ఇంకా చల్లగా ఉంది.

ఉమాదేవి తనకొచ్చిన హిందీలో మొదలుపెట్టింది. హిందీ రాని పిల్లలకు మేడమ్ ఇంగ్లీషులో అందిస్తోంది.

"ఒక దేశంల మిలోష్ అని ఒక పిలగాడుండె. శాన బీదోళ్ళు. పెద్దగైనంక వాళ్ళన్నతోటి వ్యాపారం చేస్తుండె... మేకల వ్యాపారం."

చేతిలోని చెయ్యి ఒక్కసారి బిగుసుకుంది. ఉమాదేవి గమనించలేదు. వారం రోజులుగా కథ నోటికి వచ్చేసింది, అది దాని దారిన అది పోతోంది.

"అడవిల రాలిన కాయలు తిని ఆ మేకలు మంచిగ బలుస్తుండె. బురదల పడి దొర్లుతుండె..."

ముందు వరుసలో ఒక ఈజిప్టు పిల్లాడు చెయ్యెత్తి మేడమ్‌ను ఏదో అడిగాడు. మేడమ్ నవ్వాపుకుంటూ, "మేకలు బురదలో దొర్లుతాయా అంటున్నాడు" అని హిందీలో చెప్పింది.

ఉమాదేవి వెనక్కి తగ్గలేదు. "ఆ దేశం మేకలు దొర్లుతయి," అంది. "మూతితోటి మట్టి గూడ తవ్వుతయి..."

"మేకలు కావూ!"

ఎవరు అరిచారో ఉమాదేవికి వెంటనే తెలియలేదు. ఆ గదిలో ఆ గొంతును ఎవరూ ఎప్పుడూ వినలేదు.

"మేకలు కావు, పందులు! మేకలని ఎందుకు చెప్తున్నవ్ అమ్మా? అన్ని తప్పులు చెప్తున్నవ్!" కాత్యాయని చెయ్యి విడిపించుకుని క్లాసు వైపు తిరిగింది. క్లాసుకు తెలుగు రాదని గుర్తొచ్చి, ఇంకా గట్టిగా హిందీలో అరిచింది. "సువర్! సువర్ థే!"

పిల్లలందరూ నోళ్ళు తెరుచుకుని చూస్తున్నారు. ఫైజా చున్నీ నోటికడ్డం పెట్టుకుంది. ఏడుస్తోందో కోప్పడుతోందో ఉమాదేవికి అర్థం కాలేదు. ఇక అయిపోయింది, రెండో క్లాసు కాదు, బడే పోయింది అనుకుంది.

సర్వర్ బేగం కళ్ళద్దాలు తీసింది. కాత్యాయని వైపు వంగి, రోజూ మాట్లాడే పిల్లతో మాట్లాడినట్టే అడిగింది. "ఎన్ని?"

"ఏంటియి?"

"సువర్. ఎన్ని ఉండేవి ఆయన దగ్గర?"

కాత్యాయని ఆలోచించింది. "శాన. లెక్కవెట్టరాదు మేడమ్. ఒక్కకాడ నిలవడయి కదా."

క్లాసు గొల్లుమంది. ఫైజా అయితే కుర్చీలో వంగిపోయి పొట్ట పట్టుకుంది. ఆమె ఇందాకటి నుంచీ నవ్వే ఆపుకుంటోందని ఉమాదేవికి అప్పుడు తెలిసింది.

"తర్వాత?" అంది మేడమ్.

"తర్వాత మిలోష్‌కు చదువు రాదు. ఉత్తరాలొస్తె వేరేటోళ్ళు చదువుతరు, జవాబు ఆయన చెప్తడు." కాత్యాయని ఆగింది. ఎందుకాగిందో పిల్లలకు తెలియలేదు. ఉమాదేవికి తెలిసింది. "ఊఁ," అంది. పిల్ల కదిలింది. "మా అమ్మ గూడ గంతే. కాగితాలు ఫైజా పెద్దమ్మ చదువుతది, జవాబు మా అమ్మ చెప్తది."

ఉమాదేవికి నేలలోకి దిగిపోవాలనిపించింది. ఒక క్షణమే. ఎందుకంటే అప్పటికి ఈజిప్టు పిల్లాడు కూడా "ఊఁ" అన్నాడు. ఇదేదో ఆటలా ఉందని యాసీన్ అందుకున్నాడు. నాలుగో వాక్యానికి క్లాసు మొత్తం ఊఁ కొడుతోంది. ఉమాదేవి మెల్లగా వెనక్కి నడిచి తన చిన్న కుర్చీలో కూర్చుంది. ఆమెతో ఇక పని లేదు.

కాత్యాయని పాషాను మోసం చేయించింది. మట్టలాదివారం నాడు కొండల్లో జనాన్ని పోగు చేసి మిలోష్ చేతికి జెండా ఇప్పించింది. 'ఇగ యుద్ధమే' అని మిలోష్ మాట తను అంటూ మేడమ్ టేబుల్ మీద చేత్తో కొట్టింది. పోరాడుతూనే ఇంకో పాషాతో కూర్చుని మాట్లాడి, కాగితం కూడా లేకుండా నోటిమాటతోనే ఒప్పందం చేసుకున్నాడని చెప్పింది. అక్కడితో అయిపోవాలి. ఉమాదేవి చప్పట్ల కోసం చేతులు కూడా ఎత్తింది.

"అప్పుడు నది దాటి పోయిన పెద్ద సర్దారు ఎవలకు తెల్వకుండ మల్ల వచ్చిండు. మిలోష్ ఆయనను చంపించి, తలకాయ సుల్తానుకు పంపిండు."

ఊఁ ఆగిపోయింది. బల్ల కింద పిల్ల గీసుకుంటోందనుకున్న ఉమాదేవి మొహం చున్నీలో దాచుకుంది.

"అయ్యో!" అంది సర్వర్ బేగం. "మరి ఆయన మంచోడా, చెడ్డోడా?"

"రాద్మిలా అవ్వ ఇంట్ల ఆయన ఫోటో ఉంది. దుమ్ము తుడుస్తది, తిడ్తది. రెండు చేస్తది," అంది కాత్యాయని. "నాకైతె పందుల దాక మంచిగనిపించిండు."

గంట కొట్టాక పిల్లలు ఆమె చుట్టూ మూగారు. ఉమాదేవి భయం భయంగా మేడమ్ దగ్గరికి వెళ్ళింది. "మేడమ్, ఆ మాట... పిల్లకు తెల్వక అన్నది. ఏమనుకోకుండి."

"ఏ మాట? సువరా?" సర్వర్ బేగం నవ్వింది. ఇప్పుడు తెలుగులోనే మాట్లాడింది. "అరే, మా నాన్నమ్మ వాళ్ళ చేన్ల అడవి పందులు పడి మొత్తం మక్కలు తినిపోతుండె. రాత్రంతా డబ్బాలు కొట్టి తరిమేటోళ్ళం. తినం గాని, పేరు గూడ తియ్యమా? నీ మేకలే నన్ను పరేషాన్ చేసినయమ్మా."

ఆమె ఫైలులోంచి ఒక కాగితం తీసింది. ఉమాదేవికి ఆ కాగితం గుర్తే. ఇంటికొచ్చినదానికి జోడీ. మేడమ్ దాని మీద ఆ చివరి నుంచి ఈ చివరికి అడ్డంగా గీత కొట్టి, కింద సంతకం పెట్టి చూపించింది. "ఖలాస్. మూడో క్లాసు పుస్తకాలు ఏప్రిల్ల కొనుక్కోండి."

ఆ గీతను మాత్రం ఎవరూ చదివి చెప్పనక్కర్లేకపోయింది.

బయటికొచ్చాక ఫైజా ఇంకా నవ్వుతూనే ఉంది. "మేకలంట! మట్టి తవ్వే మేకలంట! నన్నొక మాట అడిగుంటే చెప్పేదాన్ని గదమ్మే! ఇప్పుడు మా యాసీన్‌గాడు ఇంటికి పోయినాక సువరాట ఆడాలంటాడు, నువ్వే వచ్చి ఆడించాల." కొడుకు చెయ్యి పట్టుకుని బస్సు వైపు నడిచింది.

ఉమాదేవి గేటు పక్కన గోడ నీడలో నిలబడి మల్లేశ్‌కు ఫోన్ చేసింది. ఎత్తలేదు. పైన క్రేన్‌లో ఉన్నప్పుడు ఎత్తడు. గొంతుతో మెసేజ్ పెడదామని బొత్తాం నొక్కి, "ఇగో, ఇనుండ్రి..." అని మొదలుపెట్టేసరికి ఆమెకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చి మాట ఆగిపోయింది.

"నాకియ్యి, నేను చెప్త," అంది కాత్యాయని. ఫోను లాక్కుంది. "డాడీ, అమ్మ అన్ని తప్పులు చెప్పింది. ఫస్టుకెళ్ళి నేను చెప్త, విను..."

పందుల దగ్గర మొదలైన కథ పాషా దగ్గరికొచ్చింది, నది దాటింది, మళ్ళీ వెనక్కొచ్చి ఈజిప్టు పిల్లాడు ఏమన్నాడో చెప్పింది. బొత్తాం మీది వేలు మాత్రం తీయలేదు. గోడ నీడ కాళ్ళ దాకా కుంచించుకుపోయింది. బస్సు డ్రైవరు హారన్ కొట్టి, "యల్లా, యల్లా!" అని కేకేశాడు.

ఉమాదేవి చెయ్యెత్తి, మీరు పొమ్మని సైగ చేసింది.